లెక్కకెక్కని పసిపాపలు

2011 జనాభా లెక్కల ప్రకారం, ఇప్పుడు జగిత్యాల జిల్లాగా ఏర్పడిన గ్రామాలలోనూ పట్టణాలలోనూ కలిపి 9 లక్షల 85 వేల మందికి పైగా జనమున్నారు. వారిలో ప్రతి వేయిమంది పురుషులకు 1036 మంది స్త్రీలు. రాజన్న సిరిసిల్ల జిల్లాలో జనసంఖ్య 5 లక్షల 52 వేలు. అక్కడ వేయికి 1014 మంది స్త్రీలు. దేశం మొత్తానికి ఆ సంఖ్య 943 మాత్రమే. ఈ అంకెలను పక్కపక్కన పెట్టి చూచినవారికి సంతోషం కలగడం సహజం. జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల ప్రాంతాలలో ఆడపిల్లకు ఏ లోటూ లేదనీ, ఉత్తరదేశంలో వినవచ్చే శిశుహత్యల మాట మన గడప తొక్కలేదనీ చెప్పుకోవడానికి ఇంతకంటె సాక్ష్యమేమి కావాలి?

కాని ఏ అంకెనైనా నమ్మబోయే ముందు దాని పుట్టుక అడిగి తెలుసుకోవలసి ఉంటుంది. కోరుట్ల, మెట్‌పల్లి, జగిత్యాల పరిసరాల ఊళ్ళలో వయసు వచ్చిన మగవాళ్ళు ఎందరో గల్ఫు దేశాలకు పోయినారు. సిరిసిల్ల సాలెవారు తరాల తరబడి షోలాపురానికీ, భివండికీ, సూరతుకూ మగ్గాల పని వెతుక్కుంటూ పోయినారు. ఇంట మిగిలిన ఆడవారు బీడీలు చుడుతూ సంసారం ఈడ్చినారు. లెక్క రాసుకొనే ఉద్యోగి గడపలోనికి వచ్చిన నాటికి ఇంట ఉన్నవారినే కదా రాసుకుంటాడు! కనుక 1036 అన్నది స్త్రీలు ఎక్కువమంది బ్రతికినారని చెప్పే అంకె కాదు. పురుషులు ఎక్కువమంది ఇల్లు విడిచినారని చెప్పే అంకె.

అదే జనాభా లెక్కల పట్టికలో మరొక గడి ఉన్నది. అది ఆరేండ్ల లోపు పిల్లల గడి. ఆ వయసులో ఎవరూ దుబాయి పోరు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో ఆ గడి 1991లో వేయిమంది మగపిల్లలకు 975 మంది ఆడపిల్లలను చూపినది, 2001లో 961, 2011లో 939. పుట్టుకలోనే మగశిశువుల సంఖ్య కొంచెం హెచ్చు. ప్రకృతి సహజంగా వేయిమంది మగశిశువులకు సుమారు 950 మంది ఆడశిశువులు పుడుతారు. అయితే పసితనంలో మగపిల్లల మరణాలు ఎక్కువ గనుక, తగిన ఆలనాపాలనా ఉన్న చోట ఆరేండ్లు వచ్చేసరికి ఆ వ్యత్యాసం కొంత తగ్గవలసినది. 975 నుండి 939కి దిగడంలో ప్రకృతి పాత్ర లేదు. ఇందులో మనుషుల చేయి ఉన్నది.

పుట్టిన బిడ్డను ఉంచుకోవడమా, వదులుకోవడమా అన్న నిర్ణయం మానవసమాజాలలో కొత్తది కాదు. అయితే ఆ నిర్ణయం నాలుగు గోడల నడుమ, మంత్రసాని ఎదుట, తెల్లవారక ముందే జరిగిపోతుంది. శాసనాలకెక్కదు, కైఫీయతులకెక్కదు. చరిత్రకారునికి దానిని పట్టి ఇవ్వగల సాక్షి ఒక్కటే: ఊరివారినందరినీ పేరుపేరునా, ఏటేటా రాసిపెట్టిన పుస్తకం.

కాగితానికి మనకు కరువు లేదు. చేతి కాగితానికి కోరుట్ల పెట్టింది పేరు. ముతకగా, గట్టిగా ఉండే ఆ కాగితాన్ని పట్వారీలు తమ లెక్కల పుస్తకాలకు వాడేవారు. ఆ పుస్తకాలలో సర్వే నెంబరు ఉన్నది, తరీ ఖుష్కీ ఉన్నది, శిస్తు ఉన్నది, బకాయి ఉన్నది. ఏ ఇంట ఏ బిడ్డ పుట్టినది, ఏ బిడ్డ పోయినది అన్నది మాత్రం లేదు. సర్కారుకు పంటతోనే పని గాని పండించేవాని పొత్తిళ్ళలో ఏమున్నదో దానితో పనిలేదు. నిజాం రాజ్యంలో తలలు లెక్కించడం 1881లో గాని మొదలు కాలేదు.

జపాను దేశంలో కథ వేరు. అక్కడ తొకుగావా వంశపు పాలకులు క్రైస్తవ మతాన్ని నిషేధించి, ప్రతి మనిషీ ఏదో ఒక బౌద్ధాలయానికి చెందినవాడేనని ఏటేటా రుజువు చేయించినారు. 1671 నాటికి ఈ మత విచారణ పట్టికలు దేశమంతటా తప్పనిసరి అయినవి. ఉద్దేశం క్రైస్తవులను పట్టుకోవడం. ఫలితం మాత్రం ప్రపంచంలో మరెక్కడా అరుదుగా దొరికే గ్రామ జనాభా చరిత్ర. ఇంటింటా ఎవరున్నారు, వారి వయసెంత, ఎవరు కోడలై వచ్చినారు, ఎవరు కూలికి పోయినారు అన్నది ఆ పుస్తకాలలో కనబడుతుంది. దానిపై 1721లో షోగును యోషిమునె దేశం మొత్తానికి లెక్క వేయించినాడు. 1726 నుండి ఆరేండ్లకొకమారు ఆ లెక్క సాగింది.

ఆ లెక్కలు చిత్రమైన సంగతి ఒకటి చెప్పినవి. 1721లో సామాన్య ప్రజల సంఖ్య సుమారు 2 కోట్ల 60 లక్షలు. నూట పాతికేండ్ల తరువాత, 1846లో, అది 2 కోట్ల 69 లక్షలు. సమురాయి కుటుంబాలు ఇందులో చేరలేదు; కొన్ని సంస్థానాలు చంటిపిల్లలను లెక్కలోనికి తీసుకోలేదు. అయినను యుద్ధాలు లేని ఆ సుదీర్ఘ శాంతికాలంలో జనం పెరగకపోవడానికి కారణం వెతకవలసిందే. 1782లో మొదలై ఆరేండ్లు పీడించిన తెన్మెయి కరువు, 1783లో అసామా అగ్నిపర్వతం పేలుడు, 1830లలో మరొక మహాకరువు జనాన్ని తుడిచిపెట్టిన మాట నిజమే. కాని కరువు పోయిన తరువాత జనం తిరిగి పెరగడం లోకరీతి. తూర్పు జపానులో అట్లు జరగలేదు. మన జగిత్యాల కోట గోడలు లేచిన 1747 ప్రాంతాన ఆ దేశపు తూర్పు గ్రామాలలో ఇండ్లు ఒకటొకటే ఖాళీ అవుతూ, పొలాలు బీళ్ళు పడుతూ ఉన్నవి.

దానికి ఆ రైతులు పెట్టుకొన్న పేరు మబికి. మన రేడియో వ్యవసాయ కార్యక్రమాలలో జొన్న, మొక్కజొన్న చేలను గురించి చెప్పేటప్పుడు ఒత్తు మొక్కలు తీసివేయండి అని వింటూ ఉంటాము. అచ్చంగా ఆ పనికే మబికి అని పేరు. నిలిచిన మొక్క బలంగా ఎదగడానికి పక్క మొక్కను లాగివేయడమన్న మాట. మరొక మాట కూడ వాడేవారు: బిడ్డను తిప్పిపంపడం. అప్పుడే పుట్టిన శిశువు ఇంకా మనుషులలో చేరలేదనీ, వచ్చిన చోటికే దానిని మరలించవచ్చుననీ వారి భావం. ఈ మాటలు విని వారిని రాక్షసులని తీర్మానించడం సులభం. కాని ఆ గ్రామ పట్టికలను తరచి చూచిన అమెరికను చరిత్రకారుడు తామస్ స్మిత్ 1977లో నకహరా అన్న మారుపేరుతో ఒక గ్రామచరిత్ర ప్రకటించినాడు. 1717 నుండి 1830 వరకు అక్కడి కుటుంబాలలో కొడుకులు ఎక్కువైన ఇంట తరువాత నిలిచిన బిడ్డ ఆడపిల్ల కావడం, కూతుళ్ళు ఎక్కువైన ఇంట మగపిల్లవాడు కావడం అతనికి కనబడింది. కేవలం కడుపు నిండని పేదలే కాదు, ఓ మోస్తరు కలిగినవారు కూడ ఈ పని చేసినారని అతని నిర్ణయం. ఇటీవల, 2013లో, ఫాబియన్ డ్రిక్స్‌లర్ అనే పండితుడు తూర్పు జపానులో వందలాది గ్రామాల పట్టికలను పరిశీలించి, పదునెనిమిదవ శతాబ్దిలో అక్కడి దంపతులు చాలమంది ఇద్దరు ముగ్గురు పిల్లలను మాత్రమే పెంచినారని చూపినాడు. నలుగురిని పెంచేవారిని ఊరు దుబారా మనుషులని చూచేదట! ఉంచుకొన్న పిల్లలకు మంచి తల్లిదండ్రులుగా ఉండటానికే ఆ పని చేస్తున్నామని వారు నమ్మినారు. ఈ వ్యాసకర్తకు ఇందులో అన్నిటికంటె కలవరపెట్టే సంగతి ఇదే. ఒకరిమీది ప్రేమ చెప్పి మరొకరి ప్రాణం తీయడం వారికి వివేకంగా తోచినది.

ఇందులో మన దేశపు చరిత్రకూ వారి చరిత్రకూ ముఖ్యమైన తేడా ఉన్నది. అక్కడ ఆడపిల్లలే ప్రత్యేకంగా బలి కాలేదు. ఇంటికి, పొలానికి, పనికి సరిపడే పొందికే వారు చూచుకొన్నారు.

ఆపడానికి ప్రయత్నించిన పాలకులు లేకపోలేదు. షిరకావా సంస్థానాధీశుడు మత్సుదైరా సదనొబు పిల్లలను పెంచేవారికి ధనసహాయం చేయడమే కాక, ఎచిగో సీమ నుండి స్త్రీలను రప్పించి తన రైతులకు పెండ్లిళ్ళు చేయించినాడు. ఎచిగో సీమలో శుద్ధభూమి బౌద్ధశాఖ బలంగా ఉండేది. ఆ శాఖవారు శిశుహత్యను మహాపాపంగా ఎంచేవారు. అందుచేత అక్కడి జనం పెరిగి, బీళ్ళు పడిన తూర్పు గ్రామాలకు వలసవచ్చినారు. కొన్ని సంస్థానాలలో గర్భిణులు ముందుగానే పేరు నమోదు చేయించుకోవలెనని ఆజ్ఞ ఇచ్చినారు. ప్రసవమై బిడ్డ పోయినట్లయితే, ఎట్లు పోయినదో విచారణ జరిగేది. గుడులలో చిత్రాలు వ్రేలాడదీసినారు. తోనె నది ఒడ్డున ఫుకావా గ్రామంలో తొకుమాంజి ఆలయంలో అట్టి చిత్రఫలక మొకటి ఉన్నది. నెత్తికి గుడ్డ చుట్టుకొన్న బాలింత శిశువును అణచిపట్టుకొని ఉంటుంది. వెనుక గోడమీద పడిన ఆమె నీడకు కొమ్ములుంటాయి. పక్కన శిశురక్షకుడైన జిజో బోధిసత్వుడు ఏడుస్తూ ఉంటాడు. 1887లో ఆ ఊరికి వచ్చిన పన్నెండేండ్ల బాలుడొకడు ఆ ఫలకాన్ని చూచి జీవితాంతం మరువలేకపోయినాడు. అతడే తరువాత జపాను జానపద విజ్ఞానానికి మూలపురుషుడైన యనగితా కునియో.

పందొమ్మిదవ శతాబ్దిలో ఆ గ్రామాలు మెల్లగా మారినవి. పట్టుపురుగుల పెంపకమూ, నేతపనీ వచ్చి, పిల్లల చేతులకు కూడ పని దొరికింది. 1868లో కొత్త ప్రభుత్వం మంత్రసానులు గర్భస్రావపు మందులు అమ్మరాదని శాసించినది. 1925 నాటికి, మూడవ బిడ్డకే వెనుదీసిన ఆ సీమలలో ఒక్కొక్క తల్లికి సగటున దాదాపు ఆరుగురు బిడ్డలు. జనాభా శాస్త్రజ్ఞులు నాగరికత పెరిగితే కాన్పులు తగ్గుతాయని సూత్రం చెబుతారు. తూర్పు జపాను మొదట తగ్గి, పెరిగి, మళ్ళీ తగ్గి ఆ సూత్రాన్ని తలక్రిందులు చేసింది.

ఇక మన నేలకు వద్దాము. నిజాం రాజ్యపు జనసంఖ్య 1891లో 1 కోటి 15 లక్షల 37 వేలు. 1901లో 1 కోటి 11 లక్షల 41 వేలు. పదేండ్లలో నాలుగు లక్షల మంది తరిగినారు. ఆ దశాబ్ది చివర వరుసగా వచ్చిన కరువులు, వాటి వెంట వచ్చిన గత్తర అందుకు కారణం. 1911లో 1 కోటి 33 లక్షలకు ఎగబాకిన సంఖ్య 1921లో మళ్ళీ 1 కోటి 24 లక్షలకు దిగింది. 1918 నాటి ఇన్‌ఫ్లుయెంజా, దానిని వెన్నంటిన అనావృష్టి తీసుకొనిపోయిన మనుషులు వారు. జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలు అప్పటి ఎలగందల జిల్లాలోనివి. 1905లో ఆ జిల్లాయే కరీంనగరం అయినది. చెరువు నిండితే జనం, చెరువెండితే వలస అన్నది అక్కడి జీవితం.

ఇట్లు మృత్యువే ఒత్తు మొక్కలు తీసివేస్తూ ఉండగా, మనుషులు ఆ పనికి పూనుకోవలసిన అగత్యం తక్కువ. దీనికి పత్రసాక్ష్యం లేకపోయినను పేర్ల సాక్ష్యం ఉన్నది. తెలంగాణములో పెంటయ్య, పెంటమ్మ, భిక్షపతి అన్న పేర్లు ఎన్ని లేవు! ముందు పుట్టినవారు దక్కని ఇంట, పుట్టిన బిడ్డను పెంటకుప్పమీద పెట్టి తిరిగి తెచ్చుకొన్నట్లు నటించి ఆ పేరు పెట్టేవారు. మృత్యువు ఈ బిడ్డను పనికిమాలినదనుకొని వదలిపోవలెనని ఆశ. పోచమ్మకు బోనమెత్తిన తల్లి కోరిక కూడ అదే: బిడ్డకు అమ్మవారు పోయకూడదని. ఇరువది యొకటవ నాడు తొట్టెలలో వేసేదాకా బిడ్డ మనదని గట్టిగా అనుకోని ఆచారం, చంటిపిల్లలను దహనం చేయక పూడ్చిపెట్టే ఆచారం జపాను రైతుల భావనకు దూరపు చుట్టాలే. కాని ఒకే అనుమానం నుండి వారు వదులుకోవడం నేర్చినారు, మనవారు గట్టిగా పట్టుకోవడం నేర్చినారు. పెంటయ్య అన్న పేరు విని నవ్వేవారు ఈ సంగతి తలచుకోవలెను.

రెండవ కారణం ఓలి. ఉత్తరాన 1789లో కాశీ ప్రాంతంలో జొనాథన్ డంకన్ అనే ఆంగ్లాధికారి రాజకుమార్ రాజపుత్రులు ఆడశిశువులను చంపుతున్నారని కనుగొన్నాడు. 1795లో, 1804లో నిబంధనలు వచ్చినవి. 1870లో ప్రత్యేక చట్టమే వచ్చినది. తమకంటె పై వంశానికి పిల్లనివ్వవలెనన్న పట్టుదల, దానికయ్యే వరకట్నం అక్కడి మూలకారణాలు. మన తెలుగు దేశంలో, తెలంగాణములో ముఖ్యంగా, అనేక కులాలవారు పిల్లవాని వైపు నుండి పిల్ల తండ్రికి ఓలి ఇచ్చేవారు. ఆడబిడ్డ పొలంలో పనిచేసేది, పెండ్లినాడు ఇంటికి ఓలి తెచ్చేది. కోస్తా బ్రాహ్మణ కుటుంబాలలో ఇది కన్యాశుల్కంగా వికటించినది. విజయనగర మహారాజు ఆనందగజపతి వేయించిన లెక్కలో మూడేండ్లలో 1034 కన్యాశుల్క వివాహాలు తేలినవని గురజాడ తన నాటక పీఠికలో రాసినాడు. పసిపిల్లలను ముసలివారికి అమ్మడం ఘోరమే. కాని అమ్ముడుపోయే వస్తువును ఎవరూ పారవేయరు. ఇంత కఠినమైన మాట రాయవలసి వచ్చినందుకు పాఠకులు మన్నింతురు గాక.

అయితే ఓలి ఉన్నచోట ఆడశిశువు క్షేమమని సూత్రం కట్టడానికి వీలులేదు. అప్పటి మదరాసు రాజధానిలో గంజాం మన్నెంలోని కొన్ని ఖోండు తెగలలో ఆడశిశువులను చంపే ఆచారమున్నదని 1840లలో కాప్టెన్ మాక్‌ఫర్సన్ తెలియజేసినాడు. వారిలో భార్య భర్తను విడిచి మరొకని వద్దకు పోవచ్చును. పోయినప్పుడెల్లా ఓలి తిరిగి చెల్లించవలెను. దానికై తెగల నడుమ తగవులు, రక్తపాతాలు. ఆడపిల్ల ఉంటే కలహముంటుందన్నది వారి వాదం. తెలుగు జిల్లాల సరిహద్దునే జరిగిన సంగతి ఇది.

మరొక దుఃఖం అగ్రవర్ణాల బాలవితంతువులది. పునర్వివాహం నిషిద్ధమైన చోట వారి కడుపున పడిన బిడ్డకు బ్రతికే దారి లేదు. జ్యోతిబా ఫూలే 1863లో పుణేలో శిశుహత్యలను నివారించడానికి ఒక ఆశ్రయం తెరచినాడు. కందుకూరి వీరేశలింగం 1881 డిసెంబరు 11న రాజమహేంద్రవరంలో మొదటి వితంతు వివాహం జరిపించినాడు.

ఇరువదవ శతాబ్దిలో ఓలి పోయి కట్నం వచ్చినది. మొదట చదువుకొన్న ఉద్యోగుల ఇండ్లలో, పిమ్మట రైతులలో, నేతవారిలో, కడకు తండాలలో. 1961 చట్టం దానిని నిషేధించినదే గాని ఆపలేకపోయినది. లంబాడీలలో పూర్వం పిల్లవానివారే ఇచ్చుకొనేవారు. అది తిరగబడిన తరువాతనే, 1999లోనూ 2001లోనూ, నల్లగొండ జిల్లా దేవరకొండ వైపు తండాల నుండి ఆడశిశువులను దత్తత పేరిట కొద్దిపాటి సొమ్ముకు కొని హైదరాబాదుకు చేరవేసిన వ్యవహారం బయటపడినది. ఆ తల్లులను దోషులుగా నిలబెట్టి పత్రికలు చాలా రాసినవి. కట్నమడిగిన పెండ్లివారిని గురించి అంతగా రాయలేదు.

అదే కాలంలో కాన్పులు శీఘ్రంగా తగ్గినవి. ఉమ్మడి రాష్ట్రంలో ఒక్కొక్క స్త్రీకి సగటున 1992-93లో 2.59 మంది బిడ్డలు, 2005-06లో 1.79. తెలంగాణములో 2019-21 నాటికి 1.75. అనగా పదునెనిమిదవ శతాబ్దపు తూర్పు జపాను రైతు పెట్టుకొన్న హద్దుకంటె కూడ మన హద్దు తక్కువ. ఆ ఇద్దరిలో ఒకడు కొడుకు కావలెనన్న కోరిక మాత్రం తగ్గలేదు. ఆరుగురు పుట్టే ఇంట కొడుకు ఎట్లయినా పుడుతాడు. ఇద్దరే పుట్టే ఇంట రెండవ కాన్పు ఒక పరీక్ష అవుతుంది. ఆ పరీక్షకు స్కానింగు యంత్రం దొరికినది. గర్భంలోని శిశువు ఆడా మగా అని చెప్పడాన్ని నిషేధిస్తూ 1994లో చేసిన చట్టం 1996 జనవరి 1 నుండి అమలులోనికి వచ్చినది. 1991కీ 2011కీ నడుమ ఆ గడిలోని అంకె దిగడం మొదలుపెట్టిన కాలమూ ఇదే. ఇప్పుడు మంత్రసాని లేదు, గోడమీద కొమ్ముల నీడ లేదు. తల్లి బిడ్డ ముఖం చూడనైనా చూడదు.

తదుపరి జనాభా లెక్కలకు 2027 మార్చి 1ని ఆధార తేదీగా నిర్ణయిస్తూ కేంద్రప్రభుత్వం 2025లో ప్రకటించినది. జగిత్యాల, సిరిసిల్ల జిల్లాలు 2016లో ఏర్పడినవి గనుక ఆ గణన పుస్తకాలలో ఇవి వేరు జిల్లాలుగా చేరడం అదే మొదటిసారి. స్త్రీ పురుషుల నిష్పత్తి మొదటి పుటలలోనే ఉంటుంది. ఆరేండ్ల లోపు పిల్లల పట్టికకై మరికొన్ని పుటలు తిప్పవలసి ఉంటుంది.